బొమ్మ ఎక్కడ చెడుతోంది?

యాభై అయిదు అంగుళాల తెర కొన్నా క్రికెట్ బంతి మసకగానే కనబడుతోందంటే మన కోపమంతా టీవీ మీదికే పోతుంది. ప్లేలిస్టుతో ఇంటర్నెట్ ఛానళ్లు చూసే ఇళ్లలో చాలాసార్లు టీవీ పాపమేమీ ఉండదు.

ఆ ప్లేలిస్టును ఒకసారి నోట్‌ప్యాడ్‌లో తెరిచి చూడండి. ఛానల్ పేరు, దాని కింద లింకు, అంతే. పేరు పక్కన ‘4కె’ అని ఎవరైనా రాసుకోవచ్చు. చాలా లింకుల వెనక మళ్లీ ఇంకో జాబితా ఉంటుంది: ఒకే ఛానల్ 480, 720, 1080 మెట్లలో, ఏ మెట్టుకు ఎంత వేగం కావాలో సహా. యాపిల్ 2009లో తెచ్చిన హెచ్‌ఎల్‌ఎస్ పద్ధతి ఇది. వీడియో కొన్ని సెకన్ల ముక్కలుగా వస్తుంటే, నెట్ వేగాన్ని బట్టి ప్లేయర్ మెట్టు ఎక్కుతూ దిగుతూ ఉంటుంది. కంప్యూటర్‌లో వీఎల్‌సీతో చూస్తుంటే ‘కోడెక్ ఇన్ఫర్మేషన్’ నొక్కండి. అక్కడ 1280x720 అని ఉంటే, టీవీ సెట్టింగులు ఎన్ని తిప్పినా అది 1080 కాదు.

మెట్టు దిగకుండా ఉండాలంటే కావాల్సింది నిలకడ. 2.4 గిగాహెర్ట్జ్ వైఫైలో పక్కింటి రౌటర్లూ పోటీకి వస్తాయి. 5 గిగాహెర్ట్జ్ వేగం ఎక్కువే గానీ గోడలు దాటడం దానికి కష్టం. వీలున్నచోట ల్యాన్ వైరు లాగేయడమే మేలు. చాలా టీవీల ల్యాన్ పోర్టు 100 ఎంబీపీఎస్ దగ్గరే ఆగుతుంది, ఛానళ్లు చూడటానికి అది ధారాళంగా సరిపోతుంది.

ఎవరూ పట్టించుకోని తంటా ఒకటుంది. వార్తా ఛానల్ కింద పరిగెత్తే స్క్రోలింగ్‌ను గమనించండి. అక్షరాలు సాఫీగా జారకుండా ఉండుండి కుదుపుతున్నాయా? మన దేశంలో టీవీ ప్రసారాలు సెకనుకు 25 ఫ్రేములు లేదా 50 ఫీల్డుల లెక్కన తయారవుతాయి. ఆండ్రాయిడ్ బాక్సులు మాత్రం చాలావరకు 60 హెర్ట్జ్‌లో పెట్టి ఉంటాయి. 50 అరవైలో సమంగా ఇమడదు కాబట్టి కొన్ని ఫ్రేములు రెండుసార్లు పడతాయి, కుదుపు అక్కడే పుడుతుంది. డిస్‌ప్లే సెట్టింగుల్లో 50 హెర్ట్జ్‌కు మార్చండి, లేదా ‘మ్యాచ్ ఫ్రేమ్ రేట్’ ఆన్ చేయండి. పరిగెత్తే ఆటగాడి అంచుల్లో దువ్వెన పళ్లలాంటి గీతలు కనిపిస్తే ప్లేయర్‌లో డీఇంటర్‌లేస్ పెట్టండి. పైసా ఖర్చు లేదు. నా మట్టుకు కొత్త టీవీ కన్నా ముందు చేయాల్సిన పని ఇదే.

షార్ప్‌నెస్ పెంచితే లేని వివరం రాదు, అంచుల చుట్టూ తెల్లగీత వస్తుంది. తగ్గించండి. ‘వివిడ్’ మోడ్ నుంచి ‘సినిమా’కు మారండి.

చవగ్గా వేల ఛానళ్లు ఇస్తామనే దొంగ జాబితాల జోలికి పోవద్దు. అది చట్టవిరుద్ధం. పైగా ఎక్కడో పట్టుకున్న ప్రసారాన్ని మళ్లీ కుదించి పంపుతారు. ఆ కుదింపులో పోయిన వివరం ఏ పెట్టెతోనూ తిరిగి రాదు. డబ్బు కట్టి చూస్తున్న సర్వీసులోనూ బొమ్మ మసకగానే ఉంటే ఆపరేటర్‌కు ఫోన్ చేసి, ఏ రిజల్యూషన్‌లో, ఎంత బిట్‌రేట్‌తో పంపుతున్నారో గట్టిగా అడగండి.