ఒక్కడే ఎక్కే గైరో... నేర్పేదెవరు?

చెన్నై: అది 1910 మార్చి. ఇప్పుడు అన్నాసాలై అని పిలుస్తున్న మౌంట్‌రోడ్డులో హోటల్ నడిపే జియాకోమో డి ఏంజెలిస్ పల్లావరం మైదానానికి ఓ విమానాన్ని తీసుకెళ్లాడు. కొని తెచ్చింది కాదు... తానే ఆలోచించి, గుర్రపు బళ్ల తయారీలో పేరుపడ్డ సింప్సన్ కంపెనీలో కట్టించుకున్నది. అంతకు ముందు ఏడాది జులైలో బ్లేరియో ఇంగ్లిష్ చానెల్‌ను విమానంలో దాటాడన్న వార్త ఆయనకు ఆ పిచ్చి ఎక్కించింది. పల్లావరంలో ఎగిరి చూసుకున్నాక, మనవాళ్లు తీవుతిడల్ అనే ఐలాండ్ గ్రౌండ్స్‌లో టికెట్ పెట్టి మరీ జనానికి చూపించాడు. దేశంలో తొలి విమానయానం ఇదేనని మద్రాసు చరిత్ర రాసినవాళ్లు అంటారు. అలహాబాదులో హెన్రీ పెకే ఉత్తరాల సంచితో ఎగిరింది ఆ తర్వాతే, 1911 ఫిబ్రవరిలో.

స్వయంగా కట్టుకుని ఎగరాలన్న ఆ సరదా ఇప్పటికీ చావలేదు. ఇవాళ ఆ సరదా ఉన్నవాళ్ల కంట్లో పడేవాటిలో ఒకటి కిట్ గైరో. ఒక్కడే కూర్చునే చిన్న ఆటోగైరో అన్నమాట. అల్యూమినియం గొట్టాలు, బోల్టులు, ఓ సీటు, దాని వెనక ఇంజను, తల మీద ఇరవై అడుగుల పైచిలుకు పంకా. భాగాలన్నీ పెట్టెలో వస్తాయి. పానాలు, స్క్రూడ్రైవర్లు పట్టుకోవడం తెలిసినవాడు షెడ్డులో బిగించుకోవచ్చు. చిక్కంతా బిగించాకే మొదలవుతుంది.

హెలికాప్టర్ కాదు

చూడ్డానికి బుల్లి హెలికాప్టర్‌లా ఉంటుంది గానీ పని తీరు వేరు. హెలికాప్టర్‌లో పై పంకాను ఇంజనే తిప్పుతుంది. గైరోలో ఎగిరేటప్పుడు దాన్ని ఎవరూ తిప్పరు. మెరీనా బీచ్‌లో పిల్లలు కాగితపు గాలిపంకా పట్టుకుని పరిగెత్తితే అది గిరగిరా తిరుగుతుంది చూడండి... అదే సూత్రం. వెనకనున్న ఇంజను మనిషిని ముందుకు తోస్తుంది, ఎదురొచ్చే గాలికి పైపంకా తిరుగుతుంది, ఆ తిరుగుడే పైకి లేపుతుంది. అందుకే ఇది గాల్లో ఒకేచోట నిలబడలేదు. మామూలుగా నిట్టనిలువునా లేవదు కూడా. కొంత దూరం పరిగెత్తాల్సిందే. ఇంజను ఆగినా పంకా మాత్రం ఆగదు. దిగుతూ ఉంటే కింది నుంచి వచ్చే గాలే దాన్ని తిప్పుతుంది. తెలిసినవాడైతే చిన్న జాగాలోనూ దించేస్తాడు.

స్పెయిన్ ఇంజనీరు హువాన్ డి లా సియెర్వా దీన్ని 1923 జనవరిలో గాల్లోకి లేపాడు. అంతకు ముందు చేసినవి పక్కకు ఒరిగి పడిపోయేవి. ముందుకెళ్లే రెక్కకు గాలి ఎక్కువ తగులుతుంది, వెనక్కి వచ్చే రెక్కకు తక్కువ. మరి ఒరగదా? రెక్కల మొదట్లో కీళ్లు పెట్టి, అవి పైకీ కిందికీ ఆడేలా చేసి ఆ రోగం కుదిర్చాడు. విమానం వేగం తగ్గి కుప్పకూలే ప్రమాదానికి విరుగుడు కోసమే ఆయన పాటుపడ్డాడు. చివరికి 1936లో లండన్ దగ్గర క్రాయిడన్‌లో ప్రయాణికుల విమానం కూలి అందులోనే చనిపోయాడు. ఆటోగైరోలో కాదు!

దాన్ని సామాన్యుడి షెడ్డులోకి తెచ్చింది అమెరికాలో స్థిరపడ్డ ఇగోర్ బెన్సెన్. 1950ల్లో ఆయన నమూనాలు, కిట్లు వచ్చాయి. 1967 నాటి జేమ్స్‌బాండ్ సినిమాలో కెన్ వాలిస్ తన బుల్లి గైరోను ఎగరేశాక మోజు మరింత పెరిగింది.

పుల్ల ముందుకు తోస్తే...

సమస్య సీటులోనే ఉంది. ఒక్కటే సీటు కాబట్టి గురువు పక్కన కూర్చోలేడు. మొదటిసారి నేల వదిలినప్పుడే ఒంటరి. సైకిలు పడుతూ లేస్తూ నేర్చుకుంటాం, ఇదీ అంతే అనుకుంటే పొరపాటే. సొంతంగా నేర్చుకోబోయి ప్రాణాలు పోగొట్టుకున్నవాళ్లు చాలా దేశాల్లో ఉన్నారు.

మామూలు విమానం నడిపిన అనుభవం కూడా ఇక్కడ ఎదురు తిరగొచ్చు. విమానం వేగం తగ్గితే చేతిలో పుల్లను ముందుకు తోసి ముక్కు దించమని నేర్పుతారు. ఆ అలవాటుతో గైరోలో పుల్లను చటుక్కున తోస్తే పంకా మీద బరువు తగ్గిపోతుంది. వెనకనున్న ఇంజను తోపు బరువు కేంద్రానికి పైన ఉంటే అది బండిని ముందుకు పల్టీ కొట్టిస్తుంది. పంకా వేగం పడిపోయిందంటే మళ్లీ పుంజుకోదు. ఇదంతా క్షణాల్లో. తోకకు అడ్డంగా తగినంత పలక ఉంటే, ఇంజను తోపు సరైన ఎత్తులో ఉంటే ఈ ముప్పు బాగా తగ్గుతుంది. పాత నమూనాల్లో చాలావాటికి ఈ జాగ్రత్తల్లేవు. కిట్ కొనేవాడు రంగూ ధరా చూసే ముందు తోక చూడాలి.

అమెరికాలో 115 కిలోల లోపు బరువుండే ఒంటి సీటు యంత్రానికి పైలట్ లైసెన్సు అక్కర్లేదు. ఆ వీడియోలు చూసి ఇక్కడా అంతే అనుకోవద్దు. మన దేశంలో ఇంట్లో కట్టుకున్నదైనా సరే, డీజీసీఏ అనుమతి లేకుండా లేపకూడదు. పైగా చెన్నై ఆకాశం ఖాళీగా లేదు. మీనంబాక్కంలో విమానాశ్రయం, తాంబరంలో వాయుసేన, అరక్కోణంలో నౌకాదళం రాజాలి స్థావరం. షెడ్డు ఏ శివారులో వేసుకున్నా వీటిలో ఒకదానికి దగ్గరే.

అన్నట్టు, తాంబరంలో ఉన్నది వాయుసేన ఫ్లయింగ్ ఇన్‌స్ట్రక్టర్ల బడి. విమానాలు నడపడంలో ఆరితేరిన పైలట్లు కూడా ఇంకొకరికి నేర్పాలంటే ఇక్కడికొచ్చి మళ్లీ విద్యార్థులు కావాల్సిందే.

గైరోకు దారి లేకపోలేదు. రెండు సీట్ల గైరోలో గురువు పక్కన గంటల తరబడి కూర్చోవడం మొదటిది. బెన్సెన్ నాటి ఇంకో పద్ధతి ఉంది... ఇంజను లేని గైరోను కారుకు తాడుతో కట్టి లాగడం. నేలకు కాస్త ఎత్తులో, పుల్లకు పంకా ఎలా స్పందిస్తుందో చేతికి అలవాటయ్యేదాకా లాగుతూనే ఉంటారు. దానికి పొడవాటి తిన్నని రన్‌వే, తెలిసిన డ్రైవరు కావాలి. చెన్నై చుట్టుపక్కల అలాంటి రన్‌వే మీద కారు పెట్టాలన్నా ముందు కావాల్సింది మళ్లీ అనుమతే.