గంజాయి సాగు కేసులలో విచారణకు ముందే విముక్తి కోరుట

విశాఖ మన్యమున 2021వ సంవత్సరాంతమున ‘పరివర్తన’ కార్యక్రమము క్రింద వేలాది ఎకరములలో గంజాయి తోటలు నరికివేయబడినవి. తోట పోయినను, అది ఎవరి భూమిలో నుండెనో వారిపై పెట్టిన కేసు మాత్రము పోదు. పట్టా తండ్రి పేరనుండగా కుమారులు పంచుకొని దున్నుట, నోటిమాటతో భూమిని కౌలుకిచ్చుట మన గ్రామములలో సాధారణము. కావున పేరు ఒకరిది, సాగు వేరొకరిది అగుట అరుదు కాదు. సాగుతో సంబంధము లేనివాడు సాక్షుల విచారణ ముగియువరకు కోర్టు చుట్టు తిరుగవలసినదేనా? అక్కరలేదు. విచారణకు ముందే తన్ను కేసునుండి తప్పింపుమని కోరుటకు చట్టము వీలు కల్పించినది. దీనినే కోర్టులలో డిశ్చార్జి అందురు.

1985 నాటి మాదక ద్రవ్యముల చట్టము 20వ సెక్షను ననుసరించి గంజాయి మొక్కను సాగుచేసినవారికి 10 ఏండ్లవరకు కఠిన కారాగారశిక్షయు, లక్ష రూపాయలవరకు జరిమానాయు విధింపవచ్చును. ఇదిగాక 54వ సెక్షనులో కఠినమైన నియమమొకటి కలదు. తాను సాగుచేసిన భూమిలో గంజాయి పెరుగుచున్నచో, కాదని ఋజువగువరకు నేరము అతడే చేసినట్లు విచారణలో భావింపవచ్చును. ఇంతవరకు విని చాలమంది దిగులుపడుదురు. కాని ‘తాను సాగుచేసిన’ అను మాటను గమనింపవలెను. భూమిని సాగుచేసినది అతడేయని ముందుగా చూపవలసిన భారము ప్రభుత్వ పక్షముదే. ఉత్తరప్రదేశ్ నుండి వచ్చిన ఒక అప్పీలులో 2004లో సుప్రీంకోర్టు, ముద్దాయి భూమిలో కొన్ని మొక్కలు కనబడినంత మాత్రమున చాలదనియు, అతడు వాటిని సాగుచేసినట్లు ఋజువు కావలెననియు చెప్పినది. అది శిక్ష పడిన పిమ్మట వచ్చిన తీర్పే యైనను, విముక్తి కోరువానికి కూడ ఉపకరించును.

విముక్తి దరఖాస్తును విచారించునపుడు న్యాయమూర్తి సాక్షులను పిలువడు. పోలీసువారి కాగితములు చూచి, ఇరుపక్షముల వాదములు వినును. 1978లో సుప్రీంకోర్టు చెప్పిన సూత్రము ప్రకారము, ఆ కాగితములనుండి బలమైన అనుమానము కలిగినచో కేసు నడువవలెను. కొద్దిపాటి అనుమానమే కలిగినచో ముద్దాయిని విడువవచ్చును. ఇక్కడనే రైతులు పొరపడుదురు. తమ కౌలు పత్రమునో, ఊరివారి సంతకములతో కూడిన వాఙ్మూలమునో చేతబట్టుకొని పోవుదురు. ముద్దాయి తెచ్చిన పత్రములను ఈ దశలో చూడరాదని 2004లోనే సుప్రీంకోర్టు నిర్ణయించినది. అవి విచారణలో పనికివచ్చునే గాని ఇప్పుడు కాదు.

అందుచేత పోలీసువారి కాగితములనే శ్రద్ధగా చదివించుకొనవలెను. చార్జిషీటు, దానితో దాఖలైన పత్రముల నకళ్లు ముద్దాయికి ఉచితముగా ఇయ్యవలెను. ముద్దాయి కోర్టుకు వచ్చిన 14 దినములలోగా ఈ పని జరుగవలెనని కొత్త చట్టము చెప్పుచున్నది. పంచనామాలోని సర్వే నంబరు, అడంగలులోని నంబరు ఒకటేనా? అడంగలులో అనుభవదారు గడిలో ఎవరి పేరున్నది? ముద్దాయి ఆ చేనులో పనిచేయుచుండగా చూచితినని చెప్పిన సాక్షి ఎవడైన ఉన్నాడా? లేక మరియొక ముద్దాయి పోలీసుల ఎదుట చెప్పినట్లు వ్రాసిన మాట ఒక్కటే ఆధారమా? పోలీసుల ఎదుట నేరము ఒప్పుకొన్న మాట సాక్ష్యముగా చెల్లదు. ఇట్టి లోపములు పోలీసువారి రికార్డులోనే బయటపడినచో దరఖాస్తుకు బలము చేకూరును.

2024 జూలై 1 నుండి అమలులోనున్న భారతీయ నాగరిక సురక్షా సంహిత 250వ సెక్షను ప్రకారము, కేసు సెషన్సు కోర్టుకు పంపబడిన తేదీనుండి 60 దినములలోగా దరఖాస్తు పెట్టుకొనవలెను. మాదక ద్రవ్యముల కేసులను ప్రత్యేక న్యాయస్థానములు నేరుగా కూడ స్వీకరింపవచ్చును. కావున గడువును ఎన్నడినుండి లెక్కింపవలెనను తర్కములో పడక, నకళ్లు అందిన వెంటనే వకీలుచే దాఖలు చేయించుట క్షేమము. దరఖాస్తును త్రోసిపుచ్చినంత మాత్రమున శిక్ష పడినట్లు కాదు. హైకోర్టును ఆశ్రయింపవచ్చును, లేదా విచారణలో తన వాదము వినిపింపవచ్చును. విముక్తి లభించినను అది నిర్దోషియని తీర్పు కాదు. పిమ్మట కొత్త సాక్ష్యము దొరికినచో తిరిగి కేసు రావచ్చును.

ఈ మార్గము తెలిసి మిన్నకున్నవారికి ఉపకరింపదు. తన భూమిలో గంజాయి పెరుగుచున్నదని ఎరిగియు అధికారులకు వెంటనే తెలుపకుండుట 46వ సెక్షను క్రింద నేరము. సర్పంచులకును, గ్రామాధికారులకును ఇట్టి బాధ్యతయే 47వ సెక్షను విధించినది.

వకీలును పెట్టుకొను శక్తి లేనివారు జిల్లా న్యాయసేవాధికార సంస్థకు దరఖాస్తు చేసికొనవచ్చును. షెడ్యూల్డు కులముల, తెగలవారికి, స్త్రీలకు, నిర్బంధములోనున్నవారికి ఆదాయముతో నిమిత్తము లేకుండ ఉచితముగా వకీలును ఏర్పాటు చేయుదురు. టెలిఫోను నంబరు 15100.