ఉస్మార్ ఇస్మాయిల్

ఉస్మార్ ఇస్మాయిల్ (1921 మార్చి 20 - 1971 జనవరి 2) ఇండొనేషియాకు చెందిన సుప్రసిద్ధ సినిమా దర్శకుడు, నిర్మాత, నాటక రచయిత, పాత్రికేయుడు. ఇండొనేషియా జాతీయ సినిమాకు పితామహునిగా ఇతడిని ఆ దేశస్థులు గౌరవిస్తారు. 1950లో ఇతడు స్థాపించిన పెర్ఫిని సంస్థ స్వతంత్ర ఇండొనేషియాలో సినిమా కళకు పునాది వేసింది. ఇతడు తీసిన తిగా దారా (ముగ్గురు కన్యలు) ఆ సంస్థ చిత్రాలన్నింటిలోకీ ఎక్కువగా వసూళ్ళు సాధించింది. అయితే దర్శకుడు ఇష్టపడి తలకెత్తుకొన్న చిత్రాలు అప్పులు మిగల్చగా, అప్పులు తీర్చడానికి తీసిన చిత్రం ప్రజల హృదయాలలో నిలిచిపోవడం ఇతని జీవితంలోని విచిత్రం.

బాల్యం, నాటకరంగం

ఉస్మార్ పశ్చిమ సుమత్రాలోని బుకిట్టింగి పట్టణంలో విద్యావంతుల కుటుంబంలో జన్మించాడు. వీరు మినాంగ్‌కబౌ జాతివారు. ఇండొనేషియా ఆధునిక సాహిత్యంలో పేరు గడించిన రచయితలు చాలామంది ఈ జాతినుండి వచ్చినవారే. ఉస్మార్ అన్న అబూ హనీఫా వృత్తిరీత్యా వైద్యుడు. 'ఎల్ హకీం' అనే కలంపేరుతో నాటకాలు వ్రాసేవాడు. ఉస్మార్ సుమత్రాలో ప్రాథమిక, మాధ్యమిక విద్య పూర్తిచేసి, పై చదువుకు జావా ద్వీపంలోని యోగ్యకర్త నగరానికి వెళ్ళాడు.

రెండవ ప్రపంచయుద్ధ కాలంలో, 1942లో, జపాను సేనలు డచ్చివారిని ఓడించి ఇండొనేషియాను ఆక్రమించుకొన్నాయి. ప్రచార అవసరాల నిమిత్తం జపాను వారు జకార్తాలో ఒక సాంస్కృతిక కేంద్రాన్ని నెలకొల్పారు. ఉస్మార్ అందులో ఉద్యోగంలో చేరాడు. పరాయి పాలకుల ప్రచార కార్యాలయమే అయినా, అప్పటి యువ రచయితలకు, సంగీతజ్ఞులకు, నటులకు ఒకచోట కలుసుకొనే అవకాశం అక్కడే దొరికింది. 1943లో ఉస్మార్ తన అన్నతోను, రోసిహాన్ అన్వర్ మొదలైన మిత్రులతోను కలిసి 'మాయా' అనే నాటక సమాజాన్ని స్థాపించాడు. మన భాషలో ఉన్న మాయ అనే మాటే అది. ఇండొనేషియా భాషలో సంస్కృత పదాలు విస్తారంగా ఉన్నందున, ఉస్మార్ చిత్రాల పేర్లలో కూడా తెలుగువారికి పరిచయమైన పదాలు అక్కడక్కడ తగులుతాయి.

పాత్రికేయ జీవితం, నిర్బంధం

1945 ఆగస్టులో ఇండొనేషియా స్వాతంత్ర్యాన్ని ప్రకటించుకొన్నది. డచ్చివారు తిరిగి రావడంతో నాలుగేళ్ళపాటు పోరాటం సాగింది. గణతంత్ర ప్రభుత్వం యోగ్యకర్తకు తరలిపోగా ఉస్మార్ కూడా అక్కడికే చేరి, సైన్యంలో మేజరు హోదాలో పనిచేస్తూనే పత్రికలు నడిపాడు. పాత్రికేయుల సంఘానికి అధ్యక్షుడయ్యాడు. 1948లో డచ్చివారితో జరుగుతున్న సంప్రదింపుల వార్తలు సేకరించడానికి జకార్తా వెళ్ళగా, డచ్చి అధికారులు విద్రోహ చర్యల ఆరోపణపై ఇతడిని నిర్బంధించారు.

నిర్బంధం ముగిశాక, ప్రముఖ నాటకకర్త అంజార్ అస్మారా దర్శకత్వం వహిస్తున్న గాదిస్ దేసా (పల్లెటూరి పిల్ల) చిత్రానికి సహాయకునిగా చేరాడు. ఆ స్టూడియో డచ్చివారిది. 1949లో అదే సంస్థలో సొంతంగా రెండు చిత్రాలకు దర్శకత్వం వహించాడు. మొదటిదైన హర్తా కారున్, ఫ్రెంచి నాటకకర్త మోలియేరు వ్రాసిన 'లోభి' నాటకానికి అనుసరణ. రెండవది తన సొంత నాటకం ఆధారంగా తీసిన చిత్రా. ఈ రెండింటిలోనూ నిర్మాతల జోక్యం ఎక్కువగా ఉన్నందువల్ల వాటిని తన చిత్రాలుగా చెప్పుకోవడానికి ఉస్మార్ ఇష్టపడేవాడు కాదు. అయినా 'చిత్ర' అన్న పేరు మాత్రం అజరామరమైంది. నేడు ఇండొనేషియా చలనచిత్రోత్సవంలో ఇచ్చే అత్యున్నత పురస్కారం పేరు కూడా అదే.

పెర్ఫిని స్థాపన

1949 డిసెంబరులో డచ్చివారు అధికారాన్ని వదులుకొన్నారు. కొద్ది నెలలకే ఉస్మార్, మిత్రులతో కలిసి పెర్ఫిని సంస్థను నెలకొల్పాడు. 'ఇండొనేషియా జాతీయ చలనచిత్ర సంస్థ' అనే అర్థం వచ్చే పేరుకు ఇది సంక్షిప్త రూపం. 1950 మార్చి 30న పశ్చిమ జావాలో దారా దాన్ దోఆ (రక్తం, ప్రార్థన) చిత్రీకరణ మొదలైంది. నిర్మాత, దర్శకుడు స్వదేశీయులై, స్వదేశీయుల కథను తీసిన తొలి చిత్రంగా దీనిని పరిగణిస్తారు. 1999లో అధ్యక్షుడు హబీబీ ఉత్తర్వు ద్వారా మార్చి 30ని అధికారికంగా జాతీయ చలనచిత్ర దినంగా ప్రకటించారు.

ఈ చిత్రానికి కథ వ్రాసినవాడు కవి సితోర్ సితుమొరాంగ్. డచ్చివారితో కుదిరిన ఒప్పందం వల్ల సిలివాంగీ సేనావిభాగం పశ్చిమ జావాను విడిచి మధ్య జావాకు రావలసి వచ్చింది. 1948 డిసెంబరులో డచ్చివారు ఒప్పందాన్ని కాలదన్ని దాడి చేసినప్పుడు, ఆ సేన కుటుంబాలతో సహా కొండలు, అడవులు దాటుతూ కాలినడకన తన ప్రాంతానికి తిరిగి వెళ్ళింది. చిత్రకథ ఈ ప్రయాణం చుట్టూ అల్లినది. అనుభవం లేని కొత్తవారే ఇందులో నటులు. కథానాయకుడైన కెప్టెన్ సుదార్తోను మచ్చలేని వీరునిగా కాక, సంశయాలు, బలహీనతలు గల మనిషిగా చూపడం ఉస్మార్ ఉద్దేశం. ఇది సైన్యంలో కొందరికి రుచించలేదు. కొన్ని ప్రాంతాలలో ప్రదర్శనకు అభ్యంతరాలు వచ్చాయి. పెట్టిన సొమ్ము తిరిగి రాలేదు. ఆ విధంగా పెర్ఫిని అప్పుతోనే కన్ను తెరిచింది.

తరువాత వచ్చిన ఎనామ్ జామ్ ది జోగ్జా (1951), గణతంత్ర సేనలు 1949 మార్చి 1న యోగ్యకర్తను ఆరు గంటలపాటు స్వాధీనం చేసుకొన్న సంఘటనపై తీసినది. అదే సంవత్సరం వచ్చిన దోసా తా బెరాంపున్ (క్షమించరాని పాపం) పేరులోని 'దోసా' మన 'దోషం' అన్న మాటే. 1952లో రాక్‌ఫెల్లర్ ఫౌండేషన్ ఉపకార వేతనంతో ఉస్మార్ అమెరికా వెళ్ళి, లాస్ ఏంజెలెస్‌లోని కాలిఫోర్నియా విశ్వవిద్యాలయంలో సినిమా శాస్త్రం అభ్యసించాడు.

1953లో వచ్చిన క్రిసిస్ ఉస్మార్‌కు ధనపరంగా తొలి ఘనవిజయం. యుద్ధానంతరం జకార్తాకు జనం వెల్లువెత్తారు. అద్దె ఇల్లు దొరకడమే గగనం. ఒకే ఇంట్లో ఇరుక్కొని బ్రతుకుతున్న రకరకాల మనుషుల మధ్య కీచులాటలను, సర్దుబాట్లను హాస్యంగా చూపిన ఈ చిత్రం వారాల తరబడి ఆడింది. ప్రేక్షకులు తెరమీద తమ ఇంటినే చూసుకొన్నారు. దీనికి కొనసాగింపు లాగి-లాగి క్రిసిస్ 1955లో విడుదలైంది.

లెవాత్ జామ్ మలామ్

'కర్ఫ్యూ దాటాక' అనే అర్థం గల ఈ 1954 నాటి చిత్రాన్ని ఉస్మార్ రచనలలో ఉత్తమమైనదిగా విమర్శకులు ఎంచుతారు. అస్రుల్ సానీ చిత్రానువాదం వ్రాయగా, జమాలుద్దీన్ మాలిక్‌కు చెందిన పెర్సారి సంస్థ పెర్ఫినితో కలిసి నిర్మించింది. ఇస్కందర్ అనే యువకుడు పోరాటం ముగిశాక కర్ఫ్యూ అమలులో ఉన్న బాండుంగ్ నగరానికి తిరిగి వస్తాడు. ఉద్యోగంలో ఇమడలేకపోతాడు. యుద్ధకాలంలో గూఢచారులన్న నెపంతో తనచేత ఒక కుటుంబాన్ని చంపించిన నాయకుడు, నిజానికి వారి ఆస్తి కాజేసి వ్యాపారస్థుడయ్యాడని ఇస్కందర్‌కు క్రమంగా తెలిసివస్తుంది. స్వాతంత్ర్యం వచ్చి అయిదేళ్ళయినా నిండకముందే, ఆ పోరాటపు ముసుగులో ఎవరు బాగుపడ్డారని ఇంత సూటిగా అడిగిన చిత్రాలు కొత్తగా స్వతంత్రమైన దేశాలలో అరుదు. 1955లో జరిగిన తొలి ఇండొనేషియా చలనచిత్రోత్సవంలో ఇది తర్మీనా అనే మరొక చిత్రంతో కలిసి ఉత్తమ చిత్ర బహుమతిని పంచుకొన్నది.

మరుసటి చిత్రాలలో తాము ఆగుంగ్ (గొప్ప అతిథి, 1955) పేర్కొనదగినది. రాజకీయ నాయకుల ఆర్భాటాన్ని ఎగతాళి చేసిన ఈ ప్రహసనానికి 1956లో హాంకాంగ్‌లో జరిగిన ఆసియా చలనచిత్రోత్సవంలో ఉత్తమ హాస్యచిత్ర పురస్కారం లభించింది.

తిగా దారా

తిగా దారా పుట్టుకను తెలుసుకోవాలంటే ఆనాటి మార్కెట్టును గమనించాలి. జకార్తాలో మొదటి తరగతి సినిమాహాళ్ళు అమెరికన్ చిత్రాలకే దాదాపు కేటాయింపుగా ఉండేవి. దేశీయ చిత్రాలకు రెండవ, మూడవ తరగతి హాళ్ళే గతి. అక్కడ కూడా పోటీ తీవ్రం. సింగపూరు స్టూడియోలలో భారతీయ దర్శకులు పలువురు పనిచేసేవారు. అక్కడ తయారైన పి. రామ్లీ నటించిన మలయ్ చిత్రాలు ఒకవైపు, భారతదేశం నుండి దిగుమతి అయిన పాటల చిత్రాలు మరొకవైపు ప్రేక్షకులను ఆకట్టుకొనేవి. మన దేశంలో విదేశీ చిత్రాల పోటీ గురించి ఆందోళన వ్యక్తమైన రోజులలోనే, మరొక ఆసియా దేశంలో మన చిత్రాలే ఆ పోటీగా నిలిచాయన్న సంగతి గమనార్హం.

1956 నాటికి పెర్ఫిని అప్పుల ఊబిలో ఉన్నది. సంస్థను నిలబెట్టడానికి జనరంజకమైన సంగీత చిత్రం తీయక తప్పలేదు. ఉస్మార్‌కు ఇది మనసుకు నచ్చిన పని కాదు. ఆల్వీ దహ్లాన్‌తో కలిసి స్వయంగా చిత్రానువాదం వ్రాశాడు. సైఫుల్ బహ్రి సంగీతం సమకూర్చాడు.

కథ సరళమైనది. తల్లి లేని ముగ్గురు అక్కచెల్లెళ్ళు నునుంగ్, నానా, నెన్నీ. తండ్రి, నానమ్మ వారితో ఉంటారు. ఇల్లు చూసుకొనే పెద్దమ్మాయి నునుంగ్‌కు వయసు మీరుతున్నా పెళ్ళిమీద ధ్యాస లేదు. నానమ్మకు అదే బెంగ. సంబంధాల వేట మొదలవుతుంది. ఒకనాడు తోతో అనే యువకుని స్కూటరు నునుంగ్‌కు తగులుతుంది. క్షమాపణ చెప్పడానికి ఇంటికి వచ్చిన అతనిని రెండవ అమ్మాయి నానా చనువుగా తనవైపు త్రిప్పుకోవాలని చూస్తుంది. చివరికి అందరికంటె చిన్నదైన నెన్నీ తెలివితో చిక్కుముడి విడిపోతుంది. పెద్దపిల్ల పెళ్ళి కాకుండా చిన్నపిల్ల పెళ్ళి ఎలా అన్న బెంగ ఎరిగిన తెలుగు ఇళ్ళలో ఈ కథకు వివరణ అక్కరలేదు.

ముగ్గురు కన్యలుగా చిత్రా దేవి, మీకే విజయా, ఇంద్రియాతి ఇస్కాక్ నటించారు. నానమ్మ పాత్రను పేరుపొందిన నటి ఫిఫీ యంగ్, తోతో పాత్రను రెంద్రా కర్నో ధరించారు. ఇష్టం లేకుండా ఆరంభించినా, ఉస్మార్ పనిలో అశ్రద్ధ కనిపించదు. పెళ్ళి ఎప్పుడు చేసుకోవాలో, ఎవరిని చేసుకోవాలో ఆడపిల్ల నిర్ణయించుకోవచ్చునా అన్న ప్రశ్న పాటల నడుమ చాపక్రింద నీరులా నడుస్తుంది. క్రిసిస్ వలెనే ఇది కూడా ఒక ఇంటి కథ. ఉస్మార్ విజయాలు రెండూ ఇంటి గడప లోపలనే దొరికాయి.

1957లో విడుదలైన ఈ చిత్రానికి మొదటి తరగతి హాళ్ళ తలుపులు తెరుచుకొన్నాయి. జకార్తాలోని క్యాపిటల్ థియేటరులో ఎనిమిది వారాలు ఆడింది. ముగ్గురు నటీమణులూ తారలయ్యారు. 1960 చలనచిత్రోత్సవంలో దీని సంగీతానికి బహుమతి లభించింది. ఇదే బాణీలో కథలు తీయడం ఇతర నిర్మాతలకు పరిపాటి అయింది. ఉస్మార్ కూడా 1958లో అస్మారా దారా తీశాడు.

కాని ఇంత విజయం కూడా పెర్ఫినిని ఒడ్డుకు చేర్చలేకపోయింది. అదే 1957లో సంస్థ స్టూడియోను బ్యాంకు స్వాధీనం చేసుకొన్నది. ఆ సంవత్సరం మార్చిలో నిర్మాతల సంఘం దిగుమతుల పోటీనుండి ప్రభుత్వ రక్షణ కోరుతూ స్టూడియోలన్నింటినీ మూసివేసింది. కొంతకాలానికి తిరిగి తెరచినా పరిశ్రమ కోలుకోలేదు.

చివరి దశాబ్దం

పెజువాంగ్ (యోధులు, 1960) ఉస్మార్‌కు మళ్ళీ పేరు తెచ్చింది. 1961 మాస్కో అంతర్జాతీయ చలనచిత్రోత్సవంలో ఇందులోని నటనకు బంబాంగ్ హెర్మాంతో ఉత్తమ నటునిగా ఎన్నికయ్యాడు. అప్పటికి దేశంలో కళారంగం రాజకీయ శిబిరాలుగా చీలిపోయింది. కమ్యూనిస్టు పార్టీ అనుబంధ సాంస్కృతిక సంఘానికి ఎదురుగా, ముస్లిం సంస్థ అయిన నహ్‌దతుల్ ఉలమా 1962లో లెస్బూమి అనే సంఘాన్ని స్థాపించగా, జమాలుద్దీన్ మాలిక్, అస్రుల్ సానీలతోపాటు ఉస్మార్ దాని ప్రధాన నాయకులలో ఒకడయ్యాడు. 1966 నుండి 1969 వరకు ప్రజాప్రతినిధుల సభలో సభ్యునిగా ఉన్నాడు. ఈ సంవత్సరాలలో తీసినవి తక్కువ. జకార్తాలో సరీనా భవనం పైఅంతస్తులో ఒక నైట్‌క్లబ్బు కూడా నడిపాడు. ఇటలీవారితో కలిసి తీసిన చివరి చిత్రం బాలి (1970) నిరాశనే మిగిల్చింది. మెదడులో రక్తస్రావం వల్ల 1971 జనవరి 2న జకార్తాలో మరణించాడు. అప్పటికి వయసు యాభై కూడా నిండలేదు.

ఉస్మార్ 1955లో అస్రుల్ సానీతో కలిసి నెలకొల్పిన జాతీయ నాటక అకాడమీ నుండి ఒక తరం నటులు, దర్శకులు తయారయ్యారు. దర్శకుడు తెగూ కార్యా వారిలో ఒకడు.

చిత్రాల పునరుద్ధరణ

ఉష్ణమండలపు తేమకు పాత ఫిల్ము త్వరగా చెడిపోతుంది. ఉస్మార్ చిత్రాల నెగెటివ్‌లకు బూజు పట్టింది. లెవాత్ జామ్ మలామ్‌ను సింగపూరు జాతీయ మ్యూజియం, వరల్డ్ సినిమా ఫౌండేషన్ కలిసి ఇటలీలోని బొలోన్యా నగరంలో బాగుచేయించాయి. 2012లో కాన్ చలనచిత్రోత్సవంలోని ప్రాచీన చిత్రాల విభాగంలో ప్రదర్శించారు. తిగా దారా పునరుద్ధరణ 2015లో ముగిసింది. 2016 ఆగస్టు 11న, తొలి విడుదలకు దాదాపు అరవై ఏళ్ళ తరువాత, అది ఇండొనేషియా సినిమాహాళ్ళలో తిరిగి విడుదలైంది. అదే సంవత్సరం దర్శకురాలు నియా దినాతా దాని స్ఫూర్తితో ఇనీ కిసాహ్ తిగా దారా తీసింది.

జకార్తాలోని చలనచిత్ర కేంద్రానికి ఉస్మార్ ఇస్మాయిల్ పేరు పెట్టారు. 2021 నవంబరు 10న ఇండొనేషియా ప్రభుత్వం ఇతడికి జాతీయ వీరుడు బిరుదును ప్రకటించింది.