ప్రింటరుకు దుబాసీ

రెండు భాషలవారి నడుమ నిలిచి, ఒకరి మాటను మరొకరికి తెలియజెప్పేవాడు దుబాసీ. ‘ద్విభాషి’ అన్న పదం నుండి ఈ మాట పుట్టింది. ‘కాశీయాత్ర చరిత్ర’ రచించిన ఏనుగుల వీరాస్వామయ్య మద్రాసు సుప్రీంకోర్టులో ఇటువంటి ఉద్యోగమే నిర్వహించాడు. నేటి కార్యాలయంలో కంప్యూటరుకు, ప్రింటరుకు మధ్య ఈ బాధ్యత వహించే సాఫ్ట్‌వేరే ‘డ్రైవరు’.

కంప్యూటరులో సిద్ధమైన పత్రాన్ని ప్రింటరు నేరుగా గ్రహించలేదు. ఏ అక్షరం ఎక్కడ, ఎంత పరిమాణంలో పడాలో దానికి తెలిసిన భాషలో చెప్పాలి. హెచ్‌పీ సంస్థ రూపొందించిన పీసీఎల్, అడోబీ సంస్థ రూపొందించిన పోస్ట్‌స్క్రిప్ట్ అటువంటి భాషలు. రెండూ 1984లో వెలువడ్డాయి. సాధారణ లేఖలకు పీసీఎల్, పుస్తకాల పుటల కూర్పుకు పోస్ట్‌స్క్రిప్ట్ అనుకూలం. పోస్ట్‌స్క్రిప్ట్ ఎరుగని ప్రింటరుకు ఆ డ్రైవరును జతచేస్తే, లేఖకు బదులు అర్థంకాని గుర్తులతో కాగితాలు వెలువడతాయి. జీతాల బిల్లు పంపవలసిన చివరి రోజున ఇలా జరిగితే కార్యాలయమంతా స్తంభించిపోతుంది.

కాబట్టి డ్రైవరును ఎన్నుకొనే ముందు మూడు విషయాలు నిర్ధారించుకోవాలి. మొదటిది, ప్రింటరుపై ముద్రించిన మోడల్ సంఖ్య. రెండవది, కంప్యూటరులోని ఆపరేటింగ్ సిస్టమ్. అది 32 బిట్లదో 64 బిట్లదో కూడా చూడాలి. 64 బిట్ల విండోస్‌లో 32 బిట్ల డ్రైవరు పనిచేయదు. మూడవది, ప్రింటరు ఎరిగిన భాష.

డ్రైవరును తయారీ సంస్థ వెబ్‌సైటు నుండే స్వీకరించాలి. అపరిచిత స్థలాల నుండి తెచ్చుకొంటే దానితోపాటు వైరస్ ప్రవేశించవచ్చు. 2021లో విండోస్ ముద్రణ వ్యవస్థలో ‘ప్రింట్‌నైట్‌మేర్’ అనే లోపం బయటపడింది. దానితో మైక్రోసాఫ్ట్ సంస్థ, ప్రింటరు డ్రైవరును స్థాపించడానికి అడ్మినిస్ట్రేటరు అధికారం అవసరమయ్యేలా నియమాన్ని కఠినతరం చేసింది.

పాత డ్రైవరును తొలగించిన పిమ్మట కొత్తదాన్ని స్థాపించాలి. యూఎస్‌బీ తీగను సూచన కనిపించినప్పుడే కలపాలి. కాగితం పరిమాణం ‘లెటర్’ అని ఉంటే మన దేశంలో వాడే ‘ఏ4’కు మార్చాలి. లెటర్ కాగితం పొడవు 279 మిల్లీమీటర్లు. ఏ4 పొడవు 297. చివరగా ఒక తెలుగు పుటను ముద్రించి, ఒత్తులు, గుణింతాలు సరిగా పడినవో లేదో పరిశీలించాలి.

ఐపీపీ అనే ఉమ్మడి పద్ధతిని అనుసరించే పలు కొత్త ప్రింటర్లకు ప్రత్యేక డ్రైవరుతో పనిలేదు. అక్కడ దుబాసీ అదృశ్యమైనట్లు తోచినా, ఇరువురికీ తెలిసిన ఒక భాష ఏర్పడడమే అందుకు కారణం. యంత్రాల మధ్యనైనా, మనుషుల మధ్యనైనా, మాట అర్థమైనప్పుడే పని నెరవేరుతుంది.