పడవ నడచు దారి

ధవళేశ్వరము దాటిన పిమ్మట గోదావరి చీలి, తూర్పున గౌతమిగను, పడమట వసిష్ఠగను సాగును. ఈ రెండు పాయలకును సముద్రమునకును నడుమ నున్న ముక్కోణపు నేల కోనసీమ. వసిష్ఠ నుండి వైనతేయ యను మరియొక పాయ విడివడి, గన్నవరము ప్రక్కగా పోయి, ఓడలరేవు వద్ద కడలిని చేరును. ఇచ్చట నది నడక మెల్లనిది. కొత్తపేట, అమలాపురము, రాజోలు ప్రాంతముల బాలురకు గోదావరి యనగా వెడల్పైన నిండు నీరు, దూరమున పచ్చని లంకలు, రేవునకు నెమ్మదిగా వచ్చు పంటు. నీరు బండలమీద దూకి నురుగులు గ్రక్కునని చెప్పినచో, ఏదో కొండసెలయేటి సంగతి యని వా రనుకొందురు. కాని అదియు ఈ గోదావరి సంగతియే.

నాసిక సమీపమున త్ర్యంబకేశ్వరమువద్ద పుట్టిన ఈ నది 1,465 కిలోమీటర్లు ప్రవహించి బంగాళాఖాతమును చేరుచున్నది. నడుమ ప్రాణహిత, ఇంద్రావతి, శబరి మున్నగు ఉపనదులు కలియును. ఎగువ భాగమున మూడుచోట్ల ఱాతిగుట్టలు ఏటికి అడ్డముగా పరచుకొని, పడవల రాకపోకలను ఆటంకపఱచుచుండెను. వానిలో మొదటిది భద్రాచలమునకు ఎగువనున్న దుమ్ముగూడెము వద్ద, రెండవది ఏంచంపల్లి వద్ద కలవు. మూడవది ఇంకను పైన ప్రాణహిత దారిలో నున్నది.

వీనిని దాటి పడవలు నడపవలెనని పందొమ్మిదవ శతాబ్దమున గొప్ప ప్రయత్నము జరిగినది. ధవళేశ్వరపు ఆనకట్ట 1852లో పూర్తియైన తరువాత, సర్ ఆర్థర్ కాటన్ దొరకు నాగపూరు, బీరారు దేశముల ప్రత్తిని పడవలమీద సముద్రతీరమునకు దింపవలెనను కోరిక కలిగెను. ఆ పనికి పూనుకొనిన ఇంజనీరు హేగ్. ఆయన కోనసీమకు క్రొత్తవాడు కాడు. వైనతేయపై 49 కమానులతో గన్నవరపు అక్విడక్టును కట్టించి, కాలువనీటిని ఏటి మీదుగా ఆవలి లంకభూములకు దాటించినవాడు ఆయనయే. ఏటిపై కాలువను నడిపించిన మనుజునికి ఱాళ్లపై పడవను నడిపించుట అసాధ్యముగ తోచకపోవుట వింతకాదు. దుమ్ముగూడెము వద్ద ఆనకట్టయు, బండలను తప్పించుకొని పోవుటకు లాకులతో కూడిన కాలువయు సిద్ధమయ్యెను. కాని ఖర్చు పెరిగినది. 1867లో బొంబాయి నుండి రైలుమార్గము నాగపూరును చేరినది. 1871లో ఆ పథకమును ప్రభుత్వము విడిచిపెట్టెను.

అట్టి బండలచోట నీ రేల తెల్లబడును? ఒక క్షణమున ఎంత నీరు పైనుండి వచ్చునో అంత నీరును క్రిందికి పోవలెను. ఏరు ఇరుకైనను, లోతు తగ్గినను నీటికి వేగ మొక్కటే శరణ్యము. ఆ వేగముతో బండలకు కొట్టుకొని పైకెగసి, గాలిని తనలో చేర్చుకొని తెల్లని నురుగగును. ఆ నురుగులో సగము గాలియే యగుటచే అది పడవను సరిగా మోయజాలదు. తెడ్డు వేసినను పట్టు దొరకదు.

అనుభవము గలవాడు నురుగును చూచి బెదరడు, దాని ఆకారమును చూచును. రెండు బండల నడుమ నుండి నున్నని నీరు నాలుకవలె సాగి, దిగువకు కొనదేరి యున్నచో అది లోతైన దారి. కొన ఎగువకు తిరిగి, రెండు రెక్కలు దిగువకు చాచినట్లున్నచో ఆ కొనవద్ద మునిగిన ఱా యున్నదని గుర్తు. పెద్దబండ వెనుక నీరు వెనుకకు మరలి ఎగువకు పారును. ఎదురేగు పడవవా డచ్చట కొంతసేపు నిలిచి, ఊపిరి పీల్చుకొని, పై బండ చాటునకు చేరును. నిట్టనిలువుగా దూకు నీటి అడుగున మాత్రము ప్రమాదము ఎక్కువ. అచ్చట పైనీరు వెనుకకు దొర్లి, చిక్కిన వస్తువును విడువక త్రిప్పుచుండును.

ఉత్తరధ్రువ ప్రాంతపు ఇన్యుయిట్ జనులు సీలు చర్మముతో కట్టిన సన్నని పడవ కయాక్. వారు దానిని సముద్రమున వేటకు వాడిరి. అదియే నేడు వడినీటి ఆటలకు ప్రధాన సాధనమైనది. 1972లో మ్యూనిక్ ఒలింపిక్ క్రీడలలో ఈ పందెములు మొదటిసారి జరిగినవి. మన దేశమున ఋషీకేశమునకు ఎగువ గంగలో గాలినింపిన రబ్బరు తెప్పలపై ఇట్టి ప్రయాణములు చేయుదురు. వడినీటిని ఒకటి మొదలు ఆరు వరకు తరగతులుగా విభజించుట లోకమంతట వాడుక. ఆరవ తరగతి నీటిలో దిగుట ప్రాణములతో చెలగాటమే.

తెల్లనీరే భయంకరమని తలచుట మాత్రము పొరపాటు. శబరి కలిసిన తరువాత గోదావరి పాపికొండల నడుమ దూరును. మైళ్ల వెడల్పున పాఱు నది అచ్చట కొండల నడుమ ఇరుకున పడి, వెడల్పు తగ్గినంత లోతును పెంచుకొనినది. పైకి నురుగు కనబడదు. వరదకాలమున మాత్రము కొండ మలుపులవద్ద అడుగునీరు పైకి పొంగి సుడులు తిరుగును. 2019 సెప్టెంబరు 15వ తేదీన, నదిలో 5 లక్షల క్యూసెక్కులకు పైగా వరద పాఱుచుండగా, దేవీపట్నము మండలములోని కచ్చులూరు వద్ద యాత్రికులతో నిండిన రెండంతస్తుల పడవ ఒకటి ఒరిగి మునిగిపోయెను. దాదాపు ఏబదిమంది ప్రాణములు కోల్పోయిరి. ఎత్తైన పడవలో పై అంతస్తున బరువు పెరిగినకొలది, చిన్న ఒరుగుదల కూడ పెద్దదగును. సుడినీరు ప్రక్కనుండి త్రోసినచో అది తిరిగి నిలువజాలదు. ప్రమాదమును చూచిన తీరగ్రామములవారు తమ చిన్న పడవలతో అదే ఏటిలోనికి వచ్చి, నీటిపై తేలుచున్న ఇరువదిమందికి పైగా జనులను రక్షించిరి. వారిలో లైఫ్ జాకెట్లు ధరించినవా రనేకులు. మునిగిన పడవను కాకినాడవాసి ధర్మాడి సత్యము బృందము ఇనుపత్రాళ్లతోను లంగరులతోను వెదకి, అక్టోబరు 22న పైకి తీసినది. 2021లో పోలవరమువద్ద ప్రవాహమును మళ్లించిన తరువాత ఆ కొండల నడుమ నీటి నడకయే మారినది. పూర్వపు సరంగులు గుర్తుంచుకొనిన మెరకలు కొన్ని నేడు నీటి క్రిందనున్నవి.

కోనసీమలో బండలు లేవు, కాని నీరు ఇచ్చటను ఊరకుండదు. కోటిపల్లి, ముక్తేశ్వరముల నడుమను, సఖినేటిపల్లి, నరసాపురముల నడుమను నేటికిని పంటులు తిరుగుచున్నవి. ఆవలి రేవునకు సూటిగా గుఱిపెట్టినచో ఏరు పడవను దిగువకు ఈడ్చును. కావున సరంగు ముక్కును కొంత ఎగువకు త్రిప్పి, నీటి త్రోపును తన త్రోపుతో సరిచూచుకొని, ఏటవాలుగా సాగి రేవును చేరును. కొండనదిలో కయాక్ నడుపు యువకుడు బండనుండి బండకు దాటుటయు ఇట్లే. ఈతడు ఇసుకమేటలను కూడ చూచుకొనవలెను. క్రిందటి యేడు లోతున్న చోట ఈ యేడు మెరక యుండవచ్చును. అంతర్వేది వైపున సముద్రపు ఆటుపోట్లు కూడ లెక్కకు వచ్చును. పోటువేళ నీరు ఎగువకు నడచును. ఆటువేళ ఏటి నీరును వెనుదిరుగు నీరును ఏకమై మొగవైపు పరుగిడును. అప్పుడు సముద్రపు గాలి ఎదురైనచో మొగలో అలలు నిలువుగ లేచి చిన్న పడవలను ముంచును.

ఎగువ వానలు కురిసి ఎఱ్ఱనీరు వచ్చిన దినములలో పంటులు నిలిచిపోవును. అప్పుడు లంకవాసులు వినగోరునది భద్రాచలపు నీటిమట్టము. 43 అడుగులకు మొదటి హెచ్చరిక, 48 అడుగులకు రెండవది, 53 అడుగులకు మూడవది. 1986 ఆగస్టులో ఆ మట్టము 75.6 అడుగులు, 2022 జులైలో 71.3 అడుగులు చేరినది. భద్రాచలమున పెరిగిన నీరు కోనసీమకు వచ్చునప్పటికి ఇంచుమించు ఒక దినము పట్టును. ఆ దినమే లంకవారి గడువు. మూడవ హెచ్చరిక కొఱకు వేచియుండక, పశువులను, ధాన్యమును, వృద్ధులను నాటుపడవల కెక్కించి, చీకటి పడకముందే ఏటిగట్టునకు చేర్తురు.