ఇంధనం దారి ఎవరి చేతిలో? మిచెల్ వాదన, కోనసీమ అనుభవం

అమలాపురం, రాజోలు ప్రాంతంలో కొబ్బరితోటల మధ్య అక్కడక్కడ కంచె వేసిన గ్యాస్ బావులు కనిపిస్తాయి. వాటి దగ్గర పనిచేసే మనుషులు మాత్రం కొద్దిమందే. ఈ చిన్న విషయాన్ని గుర్తుంచుకుని ఈ భాగాన్ని చదవండి.

కొలంబియా విశ్వవిద్యాలయ ఆచార్యుడు టిమొతీ మిచెల్ మొదట ఈజిప్టులో వలస పాలనను అధ్యయనం చేశారు. 2011లో వెలువడిన 'కార్బన్ డెమోక్రసీ' గ్రంథంలో ఆయన ఇంధనం వైపు దృష్టి మళ్ళించారు. ఇంధనం పుట్టిన చోటు నుంచి వాడే చోటికి వెళ్ళే దారిలో దాన్ని ఆపగల శక్తి ఎవరికి ఉంది? ఆయన ప్రశ్న ఇదే. బొగ్గును మనుషులే తవ్వాలి, రైలుకు ఎక్కించాలి, రేవులో దించాలి. వీరిలో ఎవరు పని మానినా కర్మాగారాలు ఆగిపోతాయి. ఐరోపా కార్మికులు ప్రజాస్వామిక హక్కులు సాధించడానికి ఈ బలం తోడ్పడిందని మిచెల్ అంటారు. చమురు అలా కాదు. అది గొట్టంలో పారుతుంది, ఓడకెక్కాక దారి మళ్ళించవచ్చు, కార్మికులూ తక్కువే. మొదటి ప్రపంచ యుద్ధానికి ముందు బ్రిటిష్ నౌకాదళం చమురుకు మారడం వెనుక, 1914లో ఆంగ్లో-పర్షియన్ కంపెనీలో ప్రభుత్వం పెద్ద వాటా కొనడం వెనుక, గని కార్మికుల సమ్మెల భయం కూడా ఉందని ఆయన వివరిస్తారు. స్వదేశంలోని కార్మికుడిని తప్పించుకోవడానికి సామ్రాజ్యం పరాయి నేలను ఆశ్రయించిందన్నమాట. అయితే అక్కడా ప్రతిఘటన తప్పలేదు. కిర్కుక్ నుంచి హైఫాకు వేసిన గొట్టాన్ని 1936 నాటి తిరుగుబాటులో పాలస్తీనీయులు పదే పదే పగలగొట్టారు.

ఈ వాదనను కోనసీమకు యథాతథంగా వర్తింపజేయకూడదు. ఓఎన్‌జీసీ, గెయిల్ స్వతంత్ర భారతదేశపు ప్రభుత్వ రంగ సంస్థలు. కానీ మిచెల్ ప్రశ్నను ఇక్కడా అడగవచ్చు.

1995 జనవరి 8న పాశర్లపూడి బావిలో బ్లోఅవుట్ సంభవించి మంటలు లేచాయి. వాటిని అదుపు చేయడానికి 65 రోజులు పట్టింది. 2014 జూన్ 27 తెల్లవారుజామున మామిడికుదురు మండలం నగరం గ్రామంలో గెయిల్ గొట్టం పగిలి ఇరవై మందికి పైగా మరణించారు. పొడి గ్యాస్ కోసం వేసిన గొట్టంలో నీటి తడి ఉన్న గ్యాస్ పంపడంతో లోపలి నుంచి తుప్పు పట్టిందని విచారణలో తేలింది. గొట్టాన్ని మూసివేయగానే దూరాన కొండపల్లిలో ఉన్న విద్యుత్ కేంద్రానికి సరఫరా నిలిచింది.

ఇక్కడ ఒక మెలిక ఉంది. ఓడలో వెళ్ళే చమురులా గొట్టంలోని గ్యాస్‌ను సులువుగా దారి మళ్ళించలేం. ఆ విధంగా చూస్తే అది బొగ్గుకే దగ్గర. అయినా ఆ బలం గ్రామస్థులకు దక్కలేదు, ఎందుకంటే వారు గొట్టం పక్కన బతికేవారే గాని దాన్ని నడిపేవారు కారు. గనిలో సమ్మె చేస్తే ఆగేది, ఇక్కడ ప్రాణాలు పోయాక ఆగింది.

చట్టాన్ని కూడా చూడండి. 1962 నాటి పెట్రోలియం పైప్‌లైన్ల చట్టం ప్రకారం భూమి రైతుదే, కానీ దాని అడుగున గొట్టం వేసుకునే హక్కు ప్రభుత్వం తీసుకుంటుంది. ఆ హక్కుకు పరిహారం భూమి మార్కెట్ విలువలో 10 శాతం. ఆ మేర ఇల్లు కట్టకూడదు, చెరువు తవ్వకూడదు, చెట్టు నాటకూడదు. కొబ్బరి మీద బతికే రైతుకు ఈ చివరి షరతు ఎంత బరువో వేరే చెప్పనక్కరలేదు. మిచెల్ దృష్టి ప్రధానంగా కార్మికులు, కంపెనీలు, ప్రభుత్వాల మీద ఉంది. ఈ రైతును ఆ చట్రంలో ఎక్కడ ఉంచాలన్నది మీరు ఆలోచించవలసిన విషయం.

అభ్యాసం: మీ ప్రాంతానికి వచ్చే విద్యుత్తు లేదా వంటగ్యాస్ ఎక్కడి నుంచి, ఏ దారిన వస్తుందో తెలుసుకోండి. ఆ దారిలో సరఫరాను ఆపగలవారు ఎవరు, ప్రమాదాన్ని భరించేవారు ఎవరు? పది వాక్యాలలో రాయండి.