తిట్టును మెత్తబరిచే యరలవలు

'ఒథెల్లో' నాటకం ఒక పాతప్రతిలో ఇయాగో 'జౌండ్స్' అని అరుస్తాడనీ, మరొక పాతప్రతిలో అదే చోట ఆ మాట కనిపించదనీ, ఆ మాటకు అర్థమేమిటో, అది ఎందుకు మాయమైందో చెప్పాలనీ విశాఖపట్నం నుంచి ఇంగ్లీషు సాహిత్య విద్యార్థిని ఒకరు పంపిన ప్రశ్న ఈ వ్యాసానికి ప్రేరణ. అర్థం చెప్పడానికి ఒక్క వాక్యం చాలు. 'గాడ్స్ వూండ్స్', అంటే శిలువపై క్రీస్తు పొందిన గాయాల మీద ఒట్టు అనే మాటలో దేవుని పేరును మింగేసి, చివరి సకారాన్ని మాత్రం గాయాలకు అతికిస్తే మిగిలినదే 'జౌండ్స్'. దేవుని రక్తం మీద పెట్టిన ఒట్టు ఇదే దారిలో 'స్బ్లడ్' అయింది. ఇలా నిషిద్ధమైన మాటను విరిచి, కుదించి, పోలికగల మరో మాటగా మార్చి వాడుకొనేదాన్ని తెలుగులో 'తరిగిన ఒట్టు' అనవచ్చు. ఇంగ్లండులో మొదటి జేమ్స్ రాజు కాలంలో, 1606లో వచ్చిన చట్టం నాటకరంగం మీద దేవుని పేరును అపవిత్రంగా వాడిన ప్రతిసారీ 10 పౌండ్ల జరిమానా విధించింది. 1622లో అచ్చయిన 'ఒథెల్లో' క్వార్టో ప్రతిలో ఉన్న 50కి పైగా ఒట్లు, తిట్లు 1623 నాటి ఫోలియో ప్రతిలో లేకపోవడానికి పండితులు ఈ చట్టాన్నే ప్రధాన కారణంగా చూపుతారు. గమనించదగిన సంగతి ఏమిటంటే, అప్పటికే తరిగి ఉన్న 'జౌండ్స్'ను కూడా కత్తిరించవలసి వచ్చిందంటే, దాని వెనుక దాగిన అసలు మాట అప్పటి శ్రోతల చెవికి ఇంకా స్పష్టంగానే వినిపిస్తుండేదన్నమాట.

ఇటువంటి మాటల పుట్టుక విషయంలో తప్పు ఊహలకు కొదవలేదు. ఇంగ్లీషులో ఆశ్చర్యాన్నీ విసుగునూ చెప్పే 'వాట్ ద డికెన్స్' అన్న పలుకుబడి నవలాకారుడు చార్లెస్ డికెన్స్ పేరు మీదుగా వచ్చిందని నేటికీ నమ్మేవారున్నారు. డికెన్స్ పుట్టింది 1812లో కాగా, ఆ పలుకుబడి అంతకు చాలా ముందటి షేక్‌స్పియర్ ప్రహసనం 'మెర్రీ వైవ్స్ ఆఫ్ విండ్సర్'లోనే ఉంది. అక్కడ 'డికెన్స్' అన్నది సైతాను పేరును పలకకుండా తప్పించుకోవడానికి పెట్టుకున్న మారుపేరు. 'బ్లడీ' అనే మాట 'బై అవర్ లేడీ', అంటే మేరీమాత మీద ఒట్టు అన్నదానికి కుదింపు అనే కథ మరింత ప్రచారంలో ఉన్నా, నిఘంటుకారులు దాన్ని ఒప్పుకోరు. తరిగిన ఒట్టు అనే ప్రక్రియ ఒకటుందని తెలిసిన ఉత్సాహంలో ప్రతి తిట్టు వెనుకా ఒక దేవతను వెదకడం వల్ల పుట్టిన పొరపాటు అది.

ఫ్రెంచివారు 'దియో' (దేవుడు) అనవలసిన చోట 'బ్లో' (నీలం రంగు) అన్నారు. 'పార్‌బ్లో', 'మోర్‌బ్లో', 'సాక్రెబ్లో' అన్నీ అలా పుట్టినవే. వాటిలో నీలం రంగుకు ఏ పనీ లేదు, చివరి అచ్చు దేవుని పేరులోని అచ్చుతో సరిపోవడమే దాని అర్హత. బుస్సీ నాయకత్వంలోని ఫ్రెంచి సేన 1757 జూన్‌లో విశాఖపట్నంలోని ఇంగ్లీషువారి వర్తక స్థావరాన్ని పట్టుకుంది కనుక, ఈ రెండు జాతుల ఒట్లూ డాల్ఫిన్స్ నోస్ కొండ నీడలో ఒకదానికొకటి ఎదురై ఉంటాయని ఊహించడానికి అవకాశముంది. అంతకు రెండు వేల ఏళ్లకు ముందే గ్రీకులు జ్యూస్ దేవుని పేరు మీద, 'జేనా' అని ఒట్టు పెట్టుకోవలసిన చోట దానితో ప్రాస కలిసే 'ఖేనా', అంటే పెద్దబాతు మీద ఒట్టు పెట్టుకొనేవారు.

ఈ ఫ్రెంచి, గ్రీకు ఉదాహరణలలో పదం నడక, పొడవు, ప్రాస నిలిచి ఉంటాయి, ఒకటి రెండు ధ్వనులు మాత్రమే మారతాయి. ఆ మారే ధ్వనుల ఎంపిక యాదృచ్ఛికమా, లేక దానికొక పద్ధతి ఉందా అన్నదే అసలు ప్రశ్న. లండన్ విశ్వవిద్యాలయానికి చెందిన రాయల్ హాలోవే కళాశాల పరిశోధకులు షిరి లెవ్‌ఆరి, రయన్ మెకే 2022 డిసెంబరులో ప్రకటించిన అధ్యయనం దీనికి ఇచ్చిన సమాధానం తెలుగు వ్యాకరణం చదివినవారిని ప్రత్యేకంగా ఉత్సాహపరుస్తుంది. ఒకదానితో ఒకటి దగ్గరి సంబంధం లేని హీబ్రూ, హిందీ, హంగేరియన్, కొరియన్, రష్యన్ భాషల బూతులను పోల్చి చూసినప్పుడు, వాటిలో ఒక జాతి ధ్వనులు మామూలు మాటల్లో కన్నా తక్కువగా ఉన్నట్లు వారు గమనించారు. ఆ ధ్వనులు మరేవో కావు, య, ర, ల, వ. మన వర్ణమాలలో వీటికి వేల ఏళ్లుగా ఉన్న పేరు అంతస్థాలు.

అంతస్థం అంటే నడుమ నిలిచేది. క, ట, ప వంటి స్పర్శాలను పలికేటప్పుడు నోటిలో ఏదో ఒక చోట గాలిదారి పూర్తిగా మూసుకొని, లోపల ఒత్తిడి పెరిగి, ఒక్కసారిగా తెరుచుకుంటుంది. అచ్చులను పలికేటప్పుడు దారి ఎక్కడా మూసుకోదు. అంతస్థాలను పలికేటప్పుడు నాలుకో పెదవో దగ్గరకు వస్తుంది కానీ దారి పూర్తిగా మూసుకోదు కనుక, పేలుడు ఉండదు, బుస ఉండదు, నాదం మాత్రం తెగకుండా సాగుతుంది. ఇవి అచ్చులకు ఎంత దగ్గరి చుట్టాలో బడిలో యణాదేశ సంధి నేర్చుకున్న ప్రతి తెలుగు విద్యార్థికీ తెలుసు. ఇ, ఉ, ఋలకు అసవర్ణాచ్చులు పరమైనప్పుడు య, వ, రలు వస్తాయి గనుకనే 'అతి'కి 'అంత' కలిస్తే 'అత్యంత', 'సు'కు 'ఆగతం' కలిస్తే 'స్వాగతం', 'పితృ'కు 'ఆర్జితం' కలిస్తే 'పిత్రార్జితం' అవుతున్నాయి. అచ్చు కొద్దిగా బిగిస్తే అంతస్థం, అంతస్థం కొద్దిగా సడలితే అచ్చు. ధ్వనిశాస్త్రం పరికరాలతో కొలిచి చెప్పే ఈ సంగతిని ప్రాచీన వ్యాకర్తలు చెవితోనే పట్టుకొని సూత్రంగా బిగించారు.

లెవ్‌ఆరి, మెకేలు తమ పరిశీలనను అక్కడితో ఆపలేదు. అల్బేనియన్ భాషలో 'జోగ్' అంటే పక్షి. దాని మొదటి ధ్వనిని మార్చి 'యోగ్' అనీ, 'త్సోగ్' అనీ కల్పిత పదాలు తయారు చేసి, ఇలాంటి జంటల్లో ఏది బూతుమాట అయి ఉంటుందో ఊహించమని అరబ్బీ, చైనీస్, ఫిన్నిష్, ఫ్రెంచి, జర్మన్, స్పానిష్ మాట్లాడేవారిని అడిగారు. అర్థం తెలియని ఆ మాటల్లో అంతస్థం లేనిదాన్నే వారు 63 శాతం సార్లు బూతుగా ఎంచుకున్నారు. ఆ తరువాత పరిశోధకులు ఇంగ్లీషు తరిగిన ఒట్లను అసలు మాటల పక్కన పెట్టి చూస్తే, తరిగినవాటిలో అంతస్థాలు స్పష్టంగా ఎక్కువగా కనిపించాయి. 'గాడ్' అన్నది 'గాలీ' అయినప్పుడు డకారం పోయి లకారం వచ్చింది, 'డామ్' అన్నది 'డార్న్' అయినప్పుడు రేఫం చేరింది. అంటే మనిషి తిట్టును మెత్తబరచాలనుకున్నప్పుడు, తెలియకుండానే, పేలే ధ్వనిని తీసి సాగే ధ్వనిని పెడుతున్నాడన్నమాట. 'హెల్' అన్నది 'హెక్' కావడం దీనికి పూర్తిగా ఎదురు ఉదాహరణ, అక్కడ లకారమే పోయి కకారం వచ్చింది. ఇది ప్రకృతి నియమం కాదు, మొగ్గు మాత్రమే. అయినా ఇన్ని భాషలవారి చెవులు ఒకే వైపు మొగ్గడం ఆశ్చర్యం కలిగించే విషయమే.

ఇక తెలుగు సంగతి. విశాఖ వాసి 'సింహాద్రప్పన్న మీద ఒట్టు' అన్నప్పుడు ఒక్క అక్షరమూ తరగవలసిన అవసరం లేదు. దైవనామాన్ని ఎన్నిసార్లు పలికితే అంత పుణ్యమనే నమ్మకం ఉన్నచోట, కొడుకును పిలిచిన నారాయణ నామమే అజామిళుణ్ణి గట్టెక్కించిందన్న కథ ఇంటింటా తెలిసినచోట, 'అయ్యో రామా', 'శివశివా', 'హరిహరీ' అన్నవి నిషిద్ధాలు కావు సరికదా, నిషిద్ధమైన మాటకు బదులుగా నోటికి వచ్చేవి అవే. తెలుగువారు జంకేది తల్లిని, చావును, ఇంటి నాశనాన్ని నోట పలకడానికి. బియ్యం అయిపోతే నిండుకున్నాయనడం, దీపం ఆరితే కొండెక్కిందనడం, పాము కాటును పురుగు ముట్టిందనడం ఈ జంకు నుంచి వచ్చినవే కనుక, మన తరిగిన తిట్లను కూడా ఆ దిక్కునే వెదకాలి.

వాటిలో 'నీ ఇల్లు బంగారం కాను' అన్నది ప్రత్యేకంగా పరిశీలించదగినది. ఇందులోని 'కాను' అన్న క్రియను 'నేను డాక్టరును కాను' అన్న వాక్యంలోని వ్యతిరేక క్రియగా పొరబడితే మొత్తం తిట్టు తలకిందులవుతుంది. ఇది 'అగు' ధాతువుకు తుమున్నర్థక రూపమైన 'కాన్', ఇక్కడ 'అగు గాక' అన్న అర్థంలో కోరికను చెబుతుంది. 'నీ దుంప తెగ', 'నీ అసాధ్యం కూల', 'నీ మొహం మండ' అన్నవాటిలో చివరి క్రియలన్నీ ఈ పాత అచ్చులో పోసినవే. నేటి వ్యవహారంలో దాదాపు మరుగునపడిన ఒక వ్యాకరణ రూపం తిట్లలో చెక్కుచెదరకుండా బతికి ఉండటం భాషాభిమానులు సంతోషించవలసిన విషయం. 'నీ ఇల్లు పాడుగాను' అనే శాపపు చట్రాన్ని, దాని క్రియను, దాని ఊపును యథాతథంగా ఉంచి, పాడు అన్న చోట బంగారాన్ని పెట్టడంతో శాపం దీవెనగా మారిపోయింది, కోపం మాత్రం గొంతులో మిగిలింది. ఫ్రెంచివారి నీలం రంగు చేసిన పనినే ఇక్కడ బంగారం చేసింది, పైగా దీనికి అర్థం కూడా కుదిరింది. పాడులోని పకార డకారాల స్థానంలో వచ్చిన బంగారంలో రేఫం ఉండటం కాకతాళీయం కావచ్చు, కానీ గమనించకుండా ఉండటం కష్టం.

మరింత పదునైన తరుగుదల 'ఓర్నీ', 'వార్నీ' అన్నవాటిలో ఉంది. 'ఓరి' అనే సంబోధన, 'నీ' అనే షష్ఠీ రూపం, ఆ తరువాత రావలసిన దుంప, మొహం, అసాధ్యం వంటి నామవాచకం, తెగడం, కూలడం వంటి క్రియ, ఇదీ పూర్తి వాక్యం. ఇందులో సంబోధననూ సర్వనామాన్నీ ఉంచి, శాపం మొత్తాన్నీ పలకకుండా వదిలేస్తే మిగిలినదే 'వార్నీ'. అది ఇప్పుడు ఆశ్చర్యార్థకమే, దానిలో తిట్టు ఉందని అనేవాడికీ తోచదు, వినేవాడికీ తోచదు. మిగిలిన హల్లులు వ, ర, న. వాటిలో రెండు అంతస్థాలు, మూడవది అనునాసికం, పేలే ధ్వని ఒక్కటీ లేదు. ఉత్తరాంధ్రలో వినిపించే 'ఓలమ్మో', 'ఓర్నాయనో' అన్న అరుపులలో కూడా అచ్చులు, అంతస్థాలు, అనునాసికాలే తప్ప వేరే ధ్వని లేదు. చేపల రేవులో గంప జారిపడినా, మార్కెట్టులో ధర విని నివ్వెరపోయినా నోటికి వచ్చేవి ఇవే.

ఇంతటితో సిద్ధాంతం తెలుగుకు కూడా రుజువైందని చెప్పడం తొందరపాటు. లెవ్‌ఆరి, మెకేలు బూతులను పరిశీలించిన ఆ అయిదు భాషల్లో ద్రావిడ భాష ఒక్కటీ లేదు. పైగా ఇంగ్లీషు రేఫాన్ని పలికేటప్పుడు నాలుక అంగుడిని తాకకుండా వంగితే, తెలుగు రేఫాన్ని పలికేటప్పుడు నాలుక కొన చిగురును ఒకసారి చటుక్కున తాకి వస్తుంది కనుక, ఆధునిక ధ్వనిశాస్త్రం దాన్ని అంతస్థాల్లో కాక తాడితాల్లో లెక్కిస్తుంది. వర్ణమాలలో య, ల, వల సరసన కూర్చున్నంత మాత్రాన మన రేఫం అంతే మెత్తన అని చెప్పలేము. 'జిమ్మడ', 'బండబడ' వంటివి అచ్చమైన సరళాలతో, అంటే జ, డ, బ వంటి పేలే ధ్వనులతో నిండి ఉన్నా సౌమ్యమైన తిట్లుగానే చెలామణీ అవుతున్నాయి.

ధ్వని ఒక్కటే తిట్టుకు బలం ఇస్తుందనుకోవడమూ సరికాదు. కీల్ విశ్వవిద్యాలయానికి చెందిన రిచర్డ్ స్టీఫెన్స్, సహ పరిశోధకురాలితో కలిసి 2020లో ప్రకటించిన ప్రయోగంలో, మంచునీటిలో చేయి పెట్టినవారు నిజమైన ఇంగ్లీషు బూతును పలుకుతున్నప్పుడు నొప్పిని 33 శాతం ఎక్కువసేపు ఓర్చుకోగలిగారు. తిట్లలా ధ్వనించేలా కొత్తగా కల్పించిన 'ఫౌచ్', 'ట్విజ్‌పైప్' అన్న మాటలు ఆ మేలు చేయలేదు. అంతకుముందు 2011లో బ్రిస్టల్ విశ్వవిద్యాలయంలో జెఫ్రీ బోవర్స్, క్రిస్టొఫర్ ప్లేడెల్‌పియర్స్ చేసిన ప్రయోగంలో, ఒకే భావాన్ని చెప్పే బూతునూ దాని మర్యాద రూపాన్నీ బిగ్గరగా చదివించి చర్మంపై చెమట మార్పును కొలిస్తే, బూతు దగ్గర స్పందన ఎక్కువగా ఉంది. అర్థం ఒకటే అయినా శరీరం ఆ ధ్వనిరూపాన్నే గుర్తుపడుతున్నది. ఆ గుర్తు బాల్యంలో పెద్దల గద్దింపుతో పడినదనుకుంటే, కొత్త మాటకు అది లేకపోవడం సహజమే.

తరువాత నేర్చుకున్న భాషలోని తిట్టుకు కూడా ఆ గుర్తు అంత లోతుగా ఉండదు. తుర్కీ మాతృభాషగా ఉండి తరువాత ఇంగ్లీషు నేర్చినవారిపై కేథరిన్ హారిస్, ఆమె సహచరులు 2003లో ప్రకటించిన అధ్యయనంలో నిషిద్ధపదాలకూ గద్దింపులకూ చర్మస్పందన మాతృభాషలోనే బలంగా కనిపించింది. 1892లో విజయనగరంలో ప్రదర్శితమై, 1897లో అచ్చయి, 1909లో పూర్తిగా తిరగరాయబడిన గురజాడ 'కన్యాశుల్కం'లో గిరీశం ఇంగ్లీషు ఒట్టును అంత ధారాళంగా వాడగలగడానికీ, అది విని తెలుగు ప్రేక్షకుడు నొచ్చుకోకుండా నవ్వగలగడానికీ కారణం ఇదే అయి ఉండాలి. ఇంగ్లీషు కుటుంబంలో పిల్లవాడి చెంప ఛెళ్లుమనిపించే 'డామిట్' విశాఖ మండలంలో ఒక్క అక్షరం తరగకుండానే తరిగిన ఒట్టు అయిపోయింది. ఆ మాటకు ఇక్కడ దేవుడూ లేడు, నరకమూ లేదు, ఉన్నది చదువుకున్నవాడి డాబు మాత్రమే.

ఈ శాస్త్రానికి ఉపయోగమేమిటని అడిగేవారికి చూపేందుకు సినిమాలో తిట్టు మీద వేసే బీప్ శబ్దమూ, ఫోనులో మాటలను జల్లెడ పట్టే యంత్రాంగమూ ఉన్నాయి. అయితే బీప్ మోతకు బదులు మన భాషలోనే సిద్ధంగా ఉన్న 'నీ అసాధ్యం కూల'ను వాడుకోవచ్చన్న ఆలోచన రచయితలకు రాకపోవడం విచారకరం. అంతకన్నా పెద్ద లోటు సేకరణ విషయంలో ఉంది. భద్రిరాజు కృష్ణమూర్తి సంపాదకత్వంలో వ్యవసాయ పదాలు 1962లోనూ, చేనేత పదాలు 1971లోనూ మాండలిక వృత్తిపదకోశాలుగా వెలువడ్డాయి. ఊరూరా తిరిగి, చెప్పినవారి ఉచ్చారణను ఉన్నదున్నట్లు నమోదు చేసిన ఆ పద్ధతిలోనే జాలరిపేటలోని తిట్లు, ఓడరేవు కూలీల తిట్లు, ఉక్కు కర్మాగారంలో నానా రాష్ట్రాల మాటలు కలిసిన తిట్లు కూడా సేకరించాలి. 'తస్సాదియ్యా' అన్న మాట ఏ అసలు మాట నుంచి తరిగి వచ్చిందో ఊహలతో కాక ఆధారాలతో తేల్చడానికి దాని పాత ఉచ్చారణలూ, మండలానికొక తీరుగా వినిపించే రూపాలూ కావాలి. అవి తెలిసిన పెద్దలు ఇంకా పలుకుతుండగానే ఆ పని మొదలుపెట్టాలి.